రాజుగారికి ఇంకో నెల

గ్రంథాలయాధికారి గారికి నమస్కారాలు.

తొమ్మిదేళ్లకే కిరీటం పెట్టుకున్న ఆ యూరప్ రాజుగారి జీవితచరిత్రకు దయచేసి నాలుగోసారి గడువు పొడిగించండి. చదవడం ఎప్పుడో అయిపోయింది. అసలు చిక్కు అక్కడే వచ్చింది.

మా కుట్టు దుకాణంలో మధ్యాహ్నాలు నేను పైకి చదువుతుంటే మిగతావాళ్లు వింటూ కుడతారు. పదహారో ఏట రాజుగారికి జ్వరం వచ్చిందనగానే మిషన్లన్నీ ఆగిపోయాయి. తర్వాతి పేజీలో ఆయన కన్నుమూశారు. నేను మాత్రం ఆ పేజీ దాటేసి, "తెల్లారేసరికి చెమట పట్టి జ్వరం దిగింది" అని చదివేశాను. అప్పటినుంచి పుస్తకం ఒళ్లో తెరుచుకుని సొంతంగా అల్లుతున్నాను. రాజుగారికిప్పుడు ముప్పై ఏళ్లు. కొంచెం పొట్ట కూడా వచ్చింది.

నిన్న కాజాలు కుట్టే పెద్దమ్మ పక్కకు పిలిచి, "ఆ పుస్తకం నేను పెళ్లికి ముందే చదివానే. రెండ్రోజులు ఏడ్చాను" అంది. ఆవిడ నా గడ్డం పట్టుకుని, "రాణికి నెలలు నిండాయన్నావుగా, కవలల్ని పుట్టించు. బుల్లి చొక్కాలకి కాజాలు నేను కుడతాను" అంది.

కాబట్టి ఇంకో నెల గడువు ఇప్పించండి. పిల్లలిద్దరూ నడక నేర్చుకోగానే పుస్తకం తెచ్చి అప్పజెబుతాను.

ఇట్లు,
కుట్టు దుకాణం పాఠకురాలు