పెరట్లో కాల్చిన జెండా

బోధన్, మంగళవారం రాత్రి

చనిపోయిన రోజున నా భార్య సరళ టీ సగమే తాగింది. తను పాఠాలు చెప్పిన బడి జాతీయ జెండా చిరిగిందని, ఇంట్లోనే గౌరవంగా కాల్చమని చెప్పింది. ముప్పై ఏళ్ల కాపురంలో ఆమె అడిగిన ఆఖరి పని అదే. నెల తర్వాత, ఈ సాయంత్రం పెరట్లో కాల్చాను. గోడ మీదుగా వీడియో తీస్తున్న పక్కింటి రాజన్న ఫోన్ కనిపించింది.

"ఏం సార్, జెండానే కాలవెడ్తున్నరు?"

"చిరిగింది రాజన్నా. ఎక్కడపడితే అక్కడ పారేయొద్దు, చాటుగా కాల్చాలె. గదే రూలు."

"గట్లనా! మొన్న చెరుకు ధర్నాల దిష్టిబొమ్మ కాలవెట్టింది గూడ మీరే గద," అని నవ్వాడు.

ఆ నవ్వు నాకు నచ్చలేదు. దిష్టిబొమ్మ కాల్చిన చేతులే కనుక ఇదీ నిరసనే అంటారు. వీడియోలో మంట ఉంటుంది, సరళ మాట ఉండదు. ఎవరికి పంపాడో...

రేపు పొద్దున్నే, పోలీసులు పిలవకముందే, ఆమె పెట్టెలోని జెండా నియమాల కాగితం తీసుకుని నేనే స్టేషన్‌కు వెళ్తాను.