దండ వేసిన నా ఫోటో

నాంచారమ్మక్కకు,

యావన్మందికీ తెలియజేయడమేమనగా, సికింద్రాబాద్ నివాసి అమ్మిరాజు చచ్చిపోలేదు. జలుబు మాత్రం చేసింది. ఫోన్‌లో చెబుదామంటే నీ ఏడుపుకి నా మాట వినపడటం లేదు, అందుకే ఈ కార్డు ముక్క.

మీ అబ్బాయి హేమచంద్ర చూపించిన ఆ దండ ఫోటో నా దెయ్యం సినిమా ట్రైలర్‌లోది. బంగళా సెట్‌లో గోడకి చచ్చిపోయిన జమీందారు ఫోటో కావాలి. బతికుండగా దండ వేయించుకోవడానికి ఎవరూ ఒప్పుకోలేదు, నాదే తగిలించాను. మా వడ్రంగి రాములు చూసి, "ఏందన్నా, సచ్చినోడు గిట్ల నవ్వుతడా? జెర ఏడుపు మొఖం పెట్టకపోయినవ్!" అన్నాడు.

తొమ్మిది సినిమాలకి నిర్మాతనీ నేనే, సెట్లు వేసిందీ నేనే. ఈ తొమ్మిదోదాన్ని కొనే నాథుడే లేడు. నిన్న కార్ఖానాలో సెట్ విప్పేశాం. ఇక నావల్ల కాదక్కా. బావగారి టెంట్ హౌస్‌లో నాకేదైనా పని ఉంటుందేమో అడుగు, పందిళ్లు బాగానే వేస్తాను. మోకాలికి నూనె రాస్తున్నావా? బావగారికి నమస్కారాలు, పిల్లలకి ముద్దులు.

అన్నట్టు, ఫోటోకి ఎవరూ ఒప్పుకోలేదన్నది పచ్చి అబద్ధం. నేనెవర్నీ అడగలేదు. నాకు దండ వేస్తే ఎలా ఉంటుందో ఒకసారి చూసుకోవాలనిపించింది.

నీ తమ్ముడు
అమ్మిరాజు