పాడితే ముళ్లు లేవాలి

జూన్ 4

ఇవాళ్టి నుంచి నాకు రెండు గదులు. మా జూలో ఇన్నేళ్లూ సముద్రపు చేపల గదిలోనే పనిచేశాను. ఇప్పుడు పక్క గది కూడా అప్పగించారు. దెబ్బలు తగిలిన అడవి జంతువులూ, తల్లి తప్పిపోయిన పిల్లలూ అక్కడ కోలుకుని మళ్లీ అడవికి వెళ్లిపోతాయి. ఆ గది పెద్దాయన ముందే చెప్పాడు. అక్కడ మాట్లాడకూడదు. జంతువుకి పేరు పెట్టకూడదు. ముద్దు చేయకూడదు. మనిషి గొంతు అలవాటైతే అది అడవిలో బతకదట. నేను ఏదో అడగబోయేలోపే హుష్ అన్నాడు. అందరూ ఆయన్ని హుష్ బాబాయ్ అని ఎందుకంటారో అర్థమైంది.

నోట్లో నువ్వుగింజ నానని మనిషిని నేను. ఇంటికొచ్చి మా ఆయన్ని కూర్చోబెట్టి గంటసేపు ఆపకుండా మాట్లాడాను. ఆయన లేచి వెళ్లి ఈ డైరీ కొనుక్కొచ్చాడు. మిగతాది ఇందులో చెప్పుకోమన్నాడు.

జూన్ 9

ముళ్లపంది పిల్ల వచ్చింది. రోడ్డు పక్కన చచ్చిపోయిన తల్లిని అంటిపెట్టుకుని ఉందట. రెండు గుప్పిళ్లంత ఉంది. ముళ్లు ఇంకా చీపురు పుల్లల్లా వంగుతున్నాయి. సీసాతో పాలు పట్టాను. ఒక్క మాట మాట్లాడలేదు. పళ్లు బిగపట్టీ బిగపట్టీ దవడలు నొప్పి.

జూన్ 21

బుంగని వేరే ట్యాంకులోకి మార్చాను. బుంగ అంటే మా ఉబ్బే చేప. ఎప్పుడూ బుంగమూతి పెట్టుకుని తిరుగుతుంది. భయపడితే నీళ్లు మింగి బంతిలా ఉబ్బుతుంది, ఒళ్లంతా ముళ్లు నిలబడతాయి. నీళ్లలోంచి పైకెత్తామా, ఇంకా ప్రమాదం. గాలి మింగేస్తుంది. ఆ గాలి బయటికి రాక చచ్చిపోయిన చేపలున్నాయి. అందుకే నేను వల వాడను. టబ్బుని నీళ్లలోనే ముంచి ముందు పెడతాను, వెనక నుంచి అరచేత్తో దారి చూపిస్తాను. చెయ్యి తొందరపడకూడదు. అది తొందరపడకుండా పాడుకుంటాను. నేనే కట్టుకున్న పాట, తలా తోకా లేదు. పాట ఎంత నెమ్మదో చెయ్యి అంత నెమ్మది.

ఇన్నేళ్లలో బుంగ నా చేతిలో ఒక్కసారీ ఉబ్బలేదు. ఇవాళ కూడా టబ్బులోకి తనంతట తానే నడిచొచ్చినట్టు వచ్చింది. మధ్యాహ్నం భోజనం మామూలు కంటే ఎక్కువే లాగించాను.

జులై 30

ముళ్లపంది పిల్ల పాలు మానేసింది. దుంపలు కరకర నములుతోంది. నాకు సైగలు బాగా అలవాటయ్యాయి. ఇంట్లో కూడా ఉప్పు అందుకోమని సైగ చేశాను. మా ఆయన కంగారుపడి గొంతు నొప్పా అని అడిగాడు. మా అత్తయ్య మాత్రం ఉండనీయరా, ఇల్లు ప్రశాంతంగా ఉంది అంది.

ఆగస్టు 18

పొద్దున చేపల గది. ఫిల్టర్లు కడిగాను, నీళ్లలో ఉప్పు చూశాను. విషపు ముళ్ల చేపని పెద్ద జాడీతో పట్టాను. అది గుచ్చితే వేడినీళ్లలో చెయ్యి పెట్టుకుని ఏడవాలి. కాబట్టి దానికి రెండు పాటలు. తర్వాత మోచేతుల దాకా సబ్బుతో కడుక్కుని, దుంపల బకెట్ పట్టుకుని పక్క గదికి. పంది నిద్రలేచి గుమ్మం దగ్గరే ఉంది. మంచి పిల్ల. నన్ను చూసి అసలు బెదరదు. ఈ ఉద్యోగం నాకిచ్చిన వాళ్ల కడుపు చల్లగా ఉండాలి.

సెప్టెంబర్ 12

పుట్టి మునిగింది.

నీళ్ల పైపు కోసం రెండు గదుల మధ్య గోడకి కన్నం ఉంది. పగలంతా నిద్రపోవాల్సిన జంతువు, నేను చేపల గదిలో పాట ఎత్తుకోగానే లేచి వచ్చి ఆ కన్నానికి ముక్కు ఆనిస్తుందట. నా సెలవు రోజున కదలనే కదలదట. హుష్ బాబాయ్ కనిపెట్టాడు.

ఈ గదిలో నోరు మూసుకున్నాను కదా, ఆ గదిలో పాడితే ఏమైందిలే, మధ్యలో గోడ ఉంది కదా అనుకున్నాను. పాట అయిపోగానే దుంపలు పట్టుకెళ్లేది నేనే. పాట వచ్చింది, వెనకే తిండి వచ్చింది. దాని లెక్క అది వేసుకుంది.

సెప్టెంబర్ 13

జంతువుల డాక్టర్ గారు స్వయంగా చూశారు. దాని ఎదురుగా నిలబడి పాడమన్నారు. పాడాను. ముళ్లు లేపాలి, కాలు నేలకేసి కొట్టాలి, తోక గలగలలాడించాలి. ఏదీ లేదు. నిమ్మకు నీరెత్తినట్టు వచ్చి నా బూటు మీద గడ్డం ఆనించింది. ఒక్క క్షణం ఎంత ముద్దొచ్చిందో. డాక్టర్ గారి ముఖం చూశాక ఆ ముద్దు కాస్తా ఎగిరిపోయింది.

ఆవిడ తిట్టలేదు. తిడితే బాగుండేది. ఇలాగే వదిలితే కూనిరాగం తీస్తూ పోయే మొదటి మనిషి దగ్గరికి నడిచెళ్తుందట. ఆ మనిషి చేతిలో కర్ర ఉంటే అంతేనట. డిసెంబర్‌లో పరీక్ష పెడతారు. మనిషిని చూసీ వినీ ముళ్లు లేపితే అడవికి. లేపకపోతే బతికినంతకాలం కంచెలోనే. ముళ్లపందులు చాలా ఏళ్లు బతుకుతాయి.

సెప్టెంబర్ 14

ఆ గదికి ఇక రానన్నాను. డాక్టర్ గారు ఒప్పుకోలేదు. నేను రాకపోతే మరిచిపోదట, ఎదురుచూస్తుందట. పాట నేర్పిన మనిషే ఆ పాటంటే భయం కూడా నేర్పాలన్నారు. చేపల గదిలో పాట బంద్. ఇక పాట వినబడితే దానికి చేదు అనుభవమే ఎదురవ్వాలి.

అక్టోబర్ 2

నాకు చేతకావడం లేదు. తిండి ఇప్పుడు హుష్ బాబాయ్ పెడుతున్నాడు. నేను పాడుతూ లోపలికి వెళ్లి, ప్లైవుడ్ పలక అడ్డం పెట్టి, పందిని మూలకి తోసి తూకం పెట్టెలోకి ఎక్కించాలి. దాని వెనక నిలబడకూడదు. కోపమొస్తే వెనక్కే దూకుతుంది. మోకాళ్ల దాకా బూట్లు, తోలు గ్లౌజులు, అన్నీ ఉన్నాయి. చిక్కంతా పాటతోనే. ఎత్తుకోగానే చేతులు నెమ్మదిస్తున్నాయి. పలకతో తోయడం కాస్తా జోకొట్టడం అయిపోతోంది. పంది ఊయల ఎక్కినంత సుఖంగా పెట్టె ఎక్కింది. హుష్ బాబాయ్ పకపకా నవ్వాడు. నేనే ఆయన్ని హుష్ అనాల్సి వచ్చింది.

అక్టోబర్ 3

ఇంటికొచ్చి ఏడ్చాను. అత్తయ్య పక్కన కూర్చుని సంగతంతా విన్నది. నా పాటకి తను భయపడేది ఒక్క గిన్నెలు తోమేటప్పుడేనట. ఆ నెమ్మది చేతుల్లో సబ్బు గిన్నె నిలవదట. చరణం అందుకున్నానంటే ఏదో ఒకటి ధడాలున పడటం ఖాయమట. అందుకే తను వంటింట్లోంచి లేచిపోతుందట. నా గొంతు పడక లేచిపోతోందని ఇన్నేళ్లూ మనసులో పెట్టుకున్నాను.

ఇంట్లోకెల్లా పెద్ద స్టీలు పళ్లెం బ్యాగులో వేసుకున్నాను.

అక్టోబర్ 5

పళ్లెం ఉపాయం చెబితే డాక్టర్ గారు సరేనన్నారు. పాడాను. పళ్లెం వదిలేశాను. కసరనక్కర్లేదు, తోయనక్కర్లేదు, వదిలేస్తే చాలు. గది మారుమోగింది. పంది ఎగిరిపడి ఒళ్లంతా నిక్కబొడుచుకుంది. దాని ముళ్లన్నీ ఒక్కసారి లేవడం ఇవాళే చూశాను. ఎప్పుడు అంత పెద్దదైపోయిందో.

బయటికొచ్చి మెట్ల మీద కూర్చున్నాను. పాలు పట్టిన చేతులివి. చాలా బాధేసింది.

అక్టోబర్ 19

పాట, పళ్లెం. పాట, పళ్లెం. ఇవాళ పళ్లెం నా కాలి మీదే పడింది.

నవంబర్ 8

పాడకుండా బుంగని పట్టాను. చెయ్యి తొందరపడింది. ఉబ్బింది. నీళ్లలోనే ఉంది కాబట్టి గండం లేదు, కాసేపటికి మింగిన నీళ్లు వదిలేసి మామూలైంది. కానీ నా చేతిలో ఉబ్బడం ఇదే మొదలు. గాజు అవతల నుంచి అది చూసిన చూపుంది చూడూ!

ఇక్కడ ముళ్లు లేస్తే నా తప్పు. అక్కడ లేవకపోతే నా తప్పు. ఈ రెండు చేతులతోనే రెండూ చేయాలి.

సాయంత్రం మళ్లీ పట్టాను. ఈసారి పెదాలు కదిలించాను గానీ శబ్దం రానివ్వలేదు. చెయ్యి నెమ్మదించింది. బుంగ ఉబ్బలేదు. హమ్మయ్య.

డిసెంబర్ 6, ఉదయం

ఇవాళే పరీక్ష.

డిసెంబర్ 6, సాయంత్రం

మొదట ఆఫీసు గుమాస్తా లోపలికెళ్లి ఊరికే నిలబడ్డాడు. ముళ్లు లేచాయి. హుష్ బాబాయ్‌ని చూసి కూడా లేచాయి. ఇన్నాళ్లు తిండి పెట్టినందుకు ఆయన కాస్త నొచ్చుకున్నాడు. ఆఖరున నేను. పళ్లెం లేదు, వట్టి చేతులు. పాడాను.

పంది ఆగింది. నా వైపు ముక్కెత్తింది. ఒక అడుగు ముందుకేసింది. వద్దే తల్లీ, రావద్దే అని లోపల బతిమాలుకుంటూ పైకి పాడుతూనే ఉన్నాను. అప్పుడు కాలు నేలకేసి కొట్టింది. గిర్రున తిరిగింది. తోక గలగలలాడిస్తూ వెనక్కి ఒక్క దూకు దూకింది. బూటు అంచు పైన, మోకాలి పక్కన ముల్లు దిగింది.

డాక్టర్ గారు ముల్లు తీస్తూ కదలొద్దని తిడుతున్నారు. నేను ఏడుస్తున్నాను, నవ్వుతున్నాను. పాసైంది. నేనంటే దానికి గిట్టదు. ఇంతకంటే నాకేం కావాలి?

కుంటుకుంటూ ఇంటికెళ్లాను. ఎవరు పొడిచారని మా ఆయన అడిగాడు. నా పిల్లే పొడిచిందని గొప్పగా చెప్పాను.

డిసెంబర్ 15

అడవి అంచు. పొద్దు వాలింది. పెట్టె తలుపు తీశాం. రాలేదు. దూరంగా జరిగి నిలబడ్డాం. ఎంతకీ రాలేదు. డాక్టర్ గారు నా వైపు చూసి తలూపారు.

ఒక్క ముక్క పాడాను. గలగలమంటూ పొదల్లోకి పోయింది.

ఇంకా లోపలికి పోవాలని, గొంతెత్తి పాటంతా పాడాను.