కాళ్ళు ఒడ్డుకొచ్చేదాకా

చిరంజీవి సౌభాగ్యవతి ఆశాజ్యోతికి మీ అమ్మ కాసులమ్మ దీవించి రాత్తన్నది.

ఇక్కడ మేమంతా బాగున్నాం. అక్కడ నువ్వూ అల్లుడూ సల్లగా ఉండాలని సింహాద్రి అప్పన్నకి దండం పెట్టుకుంటన్నాను. ఉత్తరమంటే మొదలు ఇలాగే రాయాలంట, రాసేసాను. ఎవరెంత బాగున్నామో కిందకెళ్తే నీకే తెలుత్తాది.

నీ ఉత్తరం అందింది. ఫోన్లో అయితే ఏడుపొచ్చేత్తాదని కాయితం మీద పెట్టేనన్నావు. మంచి పని సేసావు. నానూ అందుకే కలం పట్టేను. ఎనిమిదో క్లాసు సదువు, అచ్చరాలు కోడి గెలికినట్టుంటాయి, నవ్వకు. ముందు ఊరి ఊసులు. ఈ నెల వలల్లో కానాగంత సేపలు బాగా పడ్డాయి. నువ్వు ఫోన్లో అడిగిన ఎండు నెత్తళ్ళు మూట కట్టి ఉంచాను, పారాదీప్ వొచ్చే మనిషి దొరకాల. బజార్లో నా పక్కన సేపల బుట్టెట్టుకునే గంగాలమ్మ నిన్ను అడిగినట్టు సెప్పమంది. దానికి మోకాలు పనిసెయ్యట్లేదు గాని నోరు బాగానే పనిసేత్తంది.

ఇప్పుడు నీ సంగతి. వీరేంద్ర అయిదు నెలల తరవాత ఓడ దిగి ఇంటికొచ్చాడు, వొచ్చిన పూటే గొడవైంది, అప్పట్నుంచీ మాటల్లేవు, ఈ కాపరం నా వల్ల కాదు, నీ కాడికి వచ్చేత్తానమ్మా అని రాసేవు. సదివి, మళ్ళీ మొదట్నుంచీ సదివేను. పెళ్ళై ఏడాది తిరగలేదు కదే. తలంబ్రాలప్పుడు అతని సెయ్యి పక్కకి తోసేసి మరీ పోసేవు, పందిరంతా నవ్వింది. పెళ్ళి ఊరందరూ సూత్తారు తల్లీ. కాపరం ఎవరూ సూడరు. అందుకే అది కట్టం.

నాన్నతో ఇన్నేళ్ళు ఎలా యేగేవని అడిగావు. మీ నాయనమ్మ చిట్టమ్మ సెప్పిన ఒక్క మాటతో యేగేను. నా పెళ్ళైన కొత్తలో మీ నాన్న సేపల వేటకెళ్తే పది పన్నెండు రోజులు. బోటొచ్చిందని తెలిత్తే నాను తల దువ్వుకుని, పువ్వులెట్టుకుని గుమ్మంలో నుంచునేదాన్ని. ఈ మహానుభావుడు వొచ్చి ఓ మూల కూకునేవాడు. పలకరిత్తే ఊ అనడు, ఆ అనడు. "మీ కొడుక్కి నానంటే ఇట్టం లేదత్తా" అని ఏడిసాను.

మీ నాయనమ్మ నవ్వింది. "ఒలే పిచ్చి గుంటా, ఆడు నడుత్తుంటే సూసేవా?" అంది.

సూసాను. గోడ పట్టుకుని నడుత్తన్నాడు. నీళ్ళ చెంబు వొంచబోయి తూలేడు. "ఓలమ్మో, తాగొచ్చేడేటత్తా!" అన్నాను.

"తాగలేదే. అన్ని రోజులు నీళ్ళ మీద ఊగినోడికి నేల ఊగుతాది. మనిషి దిగిపోతాడు గాని కాళ్ళు బేగి ఒడ్డుకి రావు. కాళ్ళే రానోడికి మాటలెక్కణ్ణుంచొత్తాయి? ఆ కాళ్ళొచ్చేదాకా కూడెట్టు, పడుకోడానికి సాపెయ్యి. నీ కట్టం సుఖం తరవాత సెప్పుకో" అంది.

మరి నువ్వేటి సేసావు? ఆ అబ్బి బూట్లిప్పకముందే ఇంటోనరు గొడవ, నీళ్ళ మోటారు గొడవ, వాళ్ళ అక్క అన్న మాట, అన్నీ గుమ్మంలోనే దింపేసావంట. నువ్వే రాసేవు. అతను మంచం ఎవర్నడిగి ఇటు తిప్పేవన్నాడంట. అలాగనడం తప్పే. ఆ ఇంట్లో ఒక్కదానివీ అయిదు నెలలు నెగ్గుకొచ్చావు, మంచం నీ ఇట్టమొచ్చినట్టు తిప్పుకుంటావు. అయితే అతనికీ ఓడలో ఉన్నన్నాళ్ళూ ఆ మంచం పాత మూలనే కనపడుంటాది కదా. అతను కలలో పడుకున్న మంచం, నువ్వు నిజంగా పడుకున్న మంచం, రెండూ ఒక సోట లేవు. అంతకన్నా పెద్ద గొడవ నాకేటీ కనపళ్ళేదు.

అన్నీ దిగమింగుకోమని సెప్పట్లేదు, అలాగనుకోకు. కాళ్ళొచ్చేక అడుగు. గట్టిగానే అడుగు. ఇంటోనరు కాడికి ఈసారి అతన్నే పంపు. సెయ్యెత్తేడనుకో, ఆ మాట రాయలేదు నువ్వు, ఎత్తితే మాత్రం ఆ పూటే బస్సెక్కేయి. ఏటీ అడక్కుండా తలుపు తీత్తాను. మంచం కోసమైతే ఎక్కకు.

ఇంకోటి సిగ్గులేకుండా అడిగావు. నీకు నాన్నంటే ప్రేమేనా అని. మాకా మాట నోటంట రాదే. మీ నాన్న ఎప్పుడు వేటనుంచొచ్చినా తువ్వాల్లో సుట్టి ఓ సేప విడిగా తెచ్చేవాడు. ఓ రోజు సందువ, ఓ రోజు కోనెం ముక్క, ఏటీ పడకపోతే పిడికెడు రొయ్యలు. నా సేతిలో పెట్టి, "ఇది బజారుకి కాదు" అనేవాడు. అంతే. ఇంట్లో ఉప్పు లేని రోజుల్లో కూడా దాన్ని అమ్మనిచ్చేవాడు కాదు. ప్రేమంటే అదో కాదో నువ్వు సదువుకున్నదానివి, నువ్వే సెప్పాల.

ఇంతదాకా పెద్ద ముత్తయిదువలాగ నీతులు రాసుకొచ్చాను. ఇంక దాయలేను. నీ కాడికి వచ్చేత్తానమ్మా అన్నావు గదా, ఏ ఇంటికొత్తావే? నానే ఇంట్లో లేను. ఈ ఉత్తరం మన యారాడ నుంచి కాదు, గాజువాకలో మీ పద్మావతి పిన్ని ఇంటికాడ్నుంచి రాత్తన్నాను. మీ నాన్న మీద అలిగి వచ్చేసి పది రోజులు దాటింది.

నవ్వు, నవ్వు. ఏటైందో సెబుతాను. కళ్ళు మసకలని బోటు నడిపే సరంగు ఎక్కొద్దన్నకాడ్నుంచీ మీ నాన్న ఇంట్లోనే ఉంటన్నాడు, నీకు తెలుసు. నానేటి సేత్తే అది సూత్తాడు. పొయ్యి మీద గిన్నె మూత తీసి సూత్తాడు. ఉప్పు డబ్బా ఓ రోజు ఇక్కడ, ఓ రోజు అక్కడ. నువ్వు రాసిన మంచం గొడవ సదివి ఉలిక్కిపడ్డాను, నా ఇంటి ఊసు దీనికెవరు సెప్పేరా అని. ఆ గిన్నెల గొడవ ఓర్సుకున్నాను. నాను అలిగొచ్చేసిన రోజు బజారుకి కూడా వొచ్చి నా బుట్ట పక్కన కూకున్నాడు. ఒకామె సేప సూసి, "తాజాదేనా?" అంది. నాను నోరిప్పేలోగా ఈయన మొప్ప ఎత్తి సూసి, "లేదమ్మా, నిన్నటిది, ఐసులోది" అన్నాడు! సముద్రంలో దీపాలు కనపడని కళ్ళకి మొప్ప రంగు కనపడింది సూడు. ఆమె యెళ్ళిపోయింది. ఎనకున్నోళ్ళూ యెళ్ళిపోయారు. గంగాలమ్మ పడీ పడీ నవ్వింది.

నిన్నటిదే, నిజమే. నాకు తెలీదేటి? ముప్పయ్యేళ్ళు నా నోటితో ఇల్లు నడిపేను. ఆ నోరు నలుగుర్లో మూయించేసాడు. బుట్ట అక్కడే వొదిలేసి గాజువాక ఆటో ఎక్కేసాను.

మీ పిన్ని కాఫీ ఇచ్చి, "మా ఆయన స్టీలు ప్లాంటు షిఫ్టుకి పోతాడు కాబట్టి మా కాపరం నిలబడింది అప్పా, రిటేరైతే నానూ నీ యెనకే" అంది. మీ నాన్న రోజూ దానికి ఫోన్ సేత్తాడు. నన్నివ్వమనడు. "తిందా?" అనడిగి పెట్టేత్తాడు. నీ ఉత్తరం కూడా ఆయనే తెచ్చాడు. సింపలేదు. దాని సేతిలో పెట్టి, గుమ్మం ఎక్కకుండా యెళ్ళిపోయాడు. నానూ పిలవలేదు.

పొద్దున్నుంచీ నీకిదంతా రాత్తన్నాను గదా. నాయనమ్మ మాట రాసినకాడ నా సెయ్యి ఆగిపోయింది. పన్నెండు రోజులు ఊగినోడికే ఓ పూట పడితే, జన్మంతా నీళ్ళ మీద ఉన్నోడికి ఎంత కాలం పడతాది? మీ నాన్న ఇంకా దిగలేదే. గోడ పట్టుకున్నట్టు నా గిన్నెలు పట్టుకున్నాడు, నా బుట్ట పట్టుకున్నాడు. ఏదో ఒకటి పట్టుకోకపోతే పడిపోతాడు. అది నాకు తెలీలేదు. నీకు సెప్పబోతే నాకు తెలిసింది. అతని మీద కోపం పోలేదు గాని, జాలి ముందొచ్చేసింది.

ఇదిగో, ఇది రాత్తుండగానే మీ పిన్ని మేడ కిటికీ కాడ్నుంచి పిలిచింది. రోడ్డుకి అటుపక్క టీ బడ్డీ కాడ మీ నాన్న. ఎండకి సెయ్యి అడ్డం పెట్టుకుని ఇటే సూత్తన్నాడు. ఆ కళ్ళకి నాను కనపడను. బోటు కోసం నాను ఒడ్డున అలాగే నుంచునేదాన్ని. లోపలికి రమ్మంటానని మీ పిన్ని యెళ్ళబోతే ఆపేను. కూసింతసేపు నుంచోనీ, ఒడ్డున నుంచుంటే ఎలాగుంటాదో తెలవాల కదా.

సేతిలో తువ్వాలు మూటుందే. తోక బయటికి కనపడతంది. వేటకెళ్ళనోడికి సేపెక్కడిది? కొనుంటాడు. పుట్టి బుద్దెరిగి సేప కొనని మనిషి, బజార్లో బేరమాడి కొనుంటాడు. నాకు కళ్ళలో నీళ్ళొచ్చేసి అచ్చరాలు సరిగ్గా కనపట్లేదు.

ఇంక ఆపుతాను. అల్లుడికి కూడెట్టు, మంచం ఇద్దరూ కలిసి తిప్పుకోండి. నాను కిందకెళ్ళి ఆ మూట ఇప్పి మొప్ప ఎత్తి సూడాల. నిన్నటిదైతే మాత్రం రోడ్డు మీదే నలుగుర్లో సెబుతాను.

ఇట్లు,
మీ నాన్నతో యారాడ యెళ్ళిపోతన్న
మీ అమ్మ
కాసులమ్మ