ఎర్ర దారం, నీలం దారం

జనగామ,
9 ఫిబ్రవరి 2025

జాల్యా అన్నకు,

చెల్లెలు భావన నమస్కారాలు. నేనిక్కడ బాగానే ఉన్నాను. చెల్పూర్‌లో షిఫ్టులతో, హోటల్ తిండితో నీ ఒళ్లు చెడలేదనే అనుకుంటున్నాను. ఫోన్ ఎత్తవు కాబట్టి ఈ ఉత్తరం. చింపేసే ముందు పూర్తిగా చదువు, మొండోడా.

గార్ల దగ్గర మన తండాలో, మనల్ని కన్న యాడి దినాల నాడు నీ నెత్తురు, నా నెత్తురు పరీక్షకు తీశాను. దినాల రోజు సూది పట్టుకొచ్చినవేందే, నువ్వు చెల్లెవా డాక్టరమ్మవా అని అందరి ముందు తిట్టావు. ఆ మంట నాకింకా ఆరలేదు. అయినా చెయ్యి చాపావు.

ఫలితం వచ్చింది. మన ఒంట్లో జన్యువులు వేలల్లో ఉంటాయి. చాలావాటికి వేరే నాలుగైదు జన్యువులతోనే పని. కొన్నింటికి మాత్రం వందలతో సంబంధం. తండాలో చివరి ఇంటి తలుపు మూసుకుంటే ఎవరికీ పట్టదు. తండా పెద్ద నాయక్ ఇంటి తలుపు మూసుకుంటే పెళ్లి మాటలు, పంచాయితీలు అన్నీ ఆగిపోతాయి. అట్లాంటి జన్యువే యాడిలో చెడింది. అందుకే ముందు చూపు పోయింది, తర్వాత గుండె ఆగింది. యాడి తోడబుట్టిన మంగీలాల్ మామకు నేరుగా గుండెకే తగిలింది. వేర్వేరు రోగాలనుకుని ఎన్ని దవాఖానలు తిరిగాం! మూలం ఒక్కటే. మందు ఇంకా లేదు.

తల్లికి ఉంటే బిడ్డకు వచ్చే అవకాశం సగానికి సగం. ఆ మాట నీకు చెప్పి తప్పు చేశాను. అప్పటినుంచి నువ్వు చేసుకోవాల్సిన సుజాతకు మొహం చాటేశావు. నా నెత్తురు మంచిగ లేదు, ఆ పిల్ల బతుకు ఎందుకు ఖరాబు చేయాలె అని వాళ్ల నాయినతో అన్నావట. పాపం, ఆమె మహబూబాబాద్‌లో వచ్చిన సంబంధాలన్నీ కాదంటూ కూర్చుంది.

నేను పనిచేసే ల్యాబ్‌లో పేర్లు తీసేసి నంబర్లు వేస్తారు, ఎవరిదో చూసేవాళ్లకు తెలియకూడదని. కానీ మన కోళ్లు పక్కింటి కోళ్లలో కలవకుండా యాడి వాటి కాళ్లకు తన పాత ఫేటియా లంగా నుంచి తీసిన దారం కట్టేది కదా. ఆ అలవాటు కొద్దీ నేనూ నెత్తురు గొట్టాలకు కట్టాను, నీకు ఎర్రది, నాకు నీలం. విప్పడం మరిచాను. ఫ్రిజ్ తీయగానే ఏ నంబరు ఎవరిదో తెలిసిపోయింది. మా సార్ తిట్టారు. తిట్టాల్సిందే.

ఎర్ర దారం గొట్టంలో ఏ తప్పూ లేదు. నీకు రాలేదన్నా! నీ పిల్లలకూ నీ నుంచి రాదు. ఇంకెందుకు సుజాతను ఏడిపిస్తావు? ఎండాకాలం దాకా ఆగకు, ఈ నెలలోనే ముహూర్తం పెట్టించు.

ఇట్లు,
నిన్ను తిట్టే హక్కున్న ఒక్కగానొక్క చెల్లెలు,
భావన

తా.క.: చేతిరాత చూసి నీకు అనుమానం వచ్చే ఉంటుంది. ఇది నా స్నేహితురాలు అమూల్య రాత. నేను చెబుతుంటే తను రాస్తోంది, మధ్య మధ్యలో ఏడుస్తోంది. బాగానే ఉన్నానన్నది అబద్ధం. ఆ తప్పు నీలం దారం గొట్టంలో ఉంది. కుడికన్ను పూర్తిగా పోయింది. ఎడమకంటికి దగ్గరివే ఆనుతున్నాయి. పెళ్లిలో నన్ను సుజాత పక్కనే కూర్చోబెట్టన్నా, నీ మొహం కనపడాలి.