ఎడమ పక్క నుంచి కత్తి

మార్చి 3, సోమవారం. మధ్యాహ్నం 2:10

మళ్లీ పొడిచాడు. పద్దెనిమిదో తుపాకీ దాకా ఎక్కాను, ఇంకొక్కణ్ని కాలిస్తే కత్తి చేతికొస్తుందనగా పొట్టోడు వచ్చి పొడిచాడు. పదిహేడుకి జారాను. ఎలాగో పైకి పాకాను. మళ్లీ పొడిచాడు. మూడుసార్లు! లంచ్ గంట అయిపోయింది. డబ్బా మూత కూడా తీయలేదు. కడుపులో ఎలకలు, ఒళ్లంతా కోపం.

కంప్యూటర్‌లో మేం ఆడే ఈ గన్ గేమ్ సంగతి రాసుకుంటే కోపం చల్లారుతుందేమో చూస్తాను. జట్లు లేవు, ఎవడికి వాడే. అందరూ పిస్తోలుతోనే మొదలు. ఒకణ్ని చంపితే తర్వాతి తుపాకీ. అలా పద్దెనిమిది. అవన్నీ అయ్యాక ఒట్టి కత్తి, దాంతో ఒకణ్ని పొడిచినవాడు గెలిచినట్టు. పైకి వెళ్లేకొద్దీ మంచి తుపాకులొస్తాయని కొత్తవాళ్లు సంబరపడతారు. అదేం కాదు, పైకి వెళ్లేకొద్దీ పనికిమాలినవే వస్తాయి. ఇంకో తిరకాసు ఏమిటంటే, కత్తి అందరి నడుముకీ మొదటినుంచీ ఉంటుంది. ఎవడైనా పొడిస్తే నువ్వు ఒక మెట్టు కిందికి. తుపాకీతో చస్తే ప్రాణం ఒక్కటే పోతుంది. కత్తితో చస్తే పరువు కూడా పోతుంది.

మేం ఆరుగురం లిఫ్ట్ మెకానిక్కులం. సర్వీస్ ఆఫీసు ట్రైనింగ్ రూమ్‌లో ఆరు పాత కంప్యూటర్లున్నాయి. ట్రైనింగ్ ఎవరికీ ఇవ్వరు కాబట్టి ఒంటిగంట నుంచి రెండింటిదాకా అవి మావే. సూపర్‌వైజర్ మేడమ్‌కి తెలుసు. తెలియనట్టు తలుపు దగ్గరికి వేసి వెళ్లిపోతారు.

పొట్టోడు నా జోడీ. ఆరడుగుల రెండంగుళాలుంటాడు. ఆ పేరు పెట్టింది నేనే. తొమ్మిదేళ్లుగా ఒకే లిఫ్ట్ నెత్తినెక్కి పనిచేస్తున్నాం. అలాంటివాడు నన్ను మూడుసార్లు పొడుస్తాడా?

తప్పు నాది కాదు, హెడ్‌సెట్‌ది. ఎడమ చిప్ప పలకడం లేదు. అడుగుల చప్పుడు వినిపిస్తే కదా వెనక్కి తిరిగేది.

మార్చి 4, మంగళవారం

పద్దెనిమిది. కత్తి. ఎడమ పక్క నుంచి. హెడ్‌సెట్‌ని తన్నాలనిపించింది.

మార్చి 6, గురువారం. ఉదయం 7:50

మా ఆవిడ లెక్కల టీచరు. ఆన్‌లైన్ పాఠాలకని మంచి హెడ్‌సెట్ కొనుక్కుంది. నిన్న అడిగి పట్టుకెళ్లాను. దాంతోనూ అదే వరస. ఇది కూడా పాడైందే అని పొద్దున తిరిగిచ్చేస్తే చెవికి పెట్టుకుని చూసి, శుభ్రంగా ఉంది అంది. అక్కడితో ఆగొచ్చు కదా. ఆగదు. ఏడాది నుంచి మీ ఎడమ పక్క కూర్చుని నేను చెప్పినవన్నీ చెవిటివాడి ముందు శంఖం ఊదినట్టే అయింది, ఒక్కసారి డాక్టర్‌కి చూపించుకుంటే మీ సొమ్మేం పోయిందండీ అంది.

చెవిటివాడు అన్న మాట పట్టుకున్నాను. నానా మాటలూ అన్నాను. సామెత చెప్పానే గానీ మిమ్మల్ని అనలేదు అంటుంది. సామెత ఊరికే వస్తుందా? గులిమి పట్టి ఉంటుంది, అంతేగా అన్నాను. సరే, గులిమే అనుకోండి అని బ్యాగు తగిలించుకుని బడికి వెళ్లిపోయింది.

ఒక్కచోట కూర్చోబుద్ధి కావడం లేదు. వంటింటికీ వరండాకీ పద్నాలుగుసార్లు తిరిగాను. ఎందుకు లెక్కపెట్టానో నాకే తెలియదు.

మార్చి 7, శుక్రవారం. సాయంత్రం 5:15

నా చెవుల సంగతి ఈ ఊళ్లో ఎవర్నైనా అడగమనండి. పంతొమ్మిదేళ్లుగా లిఫ్ట్ ఎక్కగానే మోటారు బేరింగ్ ఎన్నాళ్లు బతుకుతుందో చెప్తున్నాను. ఈరోజు ఆసుపత్రి లిఫ్ట్‌లో కింది అంతస్తు దాటేటప్పుడు కిర్‌మన్న చిన్న చప్పుడు, ఎవరికీ వినపడలేదు, నాకు వినిపించింది. పట్టాని పట్టుకుని జారే గైడ్ షూ అరిగింది అన్నాను. విప్పి చూస్తే అదే. ఇక చెవిటివాడెవడు?

ఆ పని అంటే నాకు పిచ్చి. లిఫ్ట్ పెట్టెను మేం కారు అంటాం. కారు నెత్తిమీద ఇద్దరం నిలబడతాం. నా చేతిలో బటన్ పెట్టె, పైకి, కిందికి, ఆపు. పొట్టోడు గోడనున్న పట్టాలకి నూనె రాస్తూ, బోల్టులు బిగిస్తూ ఉంటాడు. వాడు పైకి అంటే నొక్కుతాను, ఆగు అంటే ఆపుతాను. వాడి చేతులూ తలకాయా నా బొటనవేలి కింద ఉంటాయి. చీకటి, గ్రీజు వాసన, నాలుగు గోడలు. అక్కడ ఉన్నంతసేపూ నా మనసు కుదురుగా ఉంటుంది. బయటికొచ్చానంటే కాలు నిలవదు.

మధ్యాహ్నం మేడమ్ పిలిచి చెప్పారు, పొట్టోణ్ని కొత్త లిఫ్టులు బిగించే టీమ్‌కి మారుస్తున్నారట. ఇరవయ్యొకటి ఆఖరి రోజు. వాడికి ప్రమోషనే. సంతోషంగా ఉంది అన్నాను. సంతోషమేం లేదు.

మార్చి 11, మంగళవారం. మధ్యాహ్నం 2:05

లిఫ్ట్ మొరాయిస్తే మేం మొదట చేసే పని ఒకటుంది. అనుమానమున్న పార్టు తీసి పక్క లిఫ్ట్‌లో పెడతాం. లోపం దాని వెంట వెళ్తే పార్టుది. వెళ్లకపోతే ఇంకెక్కడో ఉన్నట్టు. పదిరోజులుగా ఈ బుద్ధి నాకెందుకు రాలేదో. లేక వచ్చినా రానివ్వలేదో.

ఈరోజు హెడ్‌సెట్ తిరగేసి పెట్టుకున్నాను. ఎడమ చిప్ప కుడి చెవికి, కుడి చిప్ప ఎడమ చెవికి.

ఎడమనుంచి వచ్చేవాళ్ల అడుగులు టకటకా వినిపించాయి. ఇద్దర్ని తిరిగి కాల్చాను. పాడైందని నేను తిట్టిన చిప్ప గంట కొట్టినట్టు పలికింది. ఇక కుడినుంచి వచ్చినవాళ్లు దయ్యాల్లా వచ్చారు. నాలుగుసార్లు చచ్చాను, నాలుగూ కుడినుంచే.

హెడ్‌సెట్ తిరిగింది. లోపం తిరగలేదు. నా తలకాయతోనే ఉంది.

బాత్‌రూమ్‌కి వెళ్లి ఎడమ చెవి పక్కన వేళ్లు రుద్దుకున్నాను. చిటికె వేశాను. వేళ్లు కదలడం అద్దంలో కనిపిస్తోంది.

నిరుడు సంక్రాంతికి జ్వరం వచ్చింది. తల తిరిగింది, ఆ చెవిలో రెండు వారాలు ఒకటే ఈల. తర్వాత ఈల ఆగిపోయింది. తగ్గిపోయిందని ఎంత సంబరపడ్డానో.

మార్చి 12, బుధవారం

ఎవరికీ చెప్పలేదు.

మార్చి 14, శుక్రవారం. సాయంత్రం 6:00

ఈరోజు ఆటలో నా మనిషి ఎడమ భుజాన్ని గోడకి ఆనించి ఆడాను. గోడ వదలకుండా బల్లిలా పాకుతూ. పని చేసింది! పద్దెనిమిదీ దాటాను, కత్తి చేతికొచ్చింది. ఒకణ్ని పొడిస్తే గెలుపు. అప్పుడు ఒక తలుపు దాటాల్సి వచ్చింది. తలుపు దగ్గర గోడ ఉండదుగా. ఆ మూరెడు సందులోంచి వచ్చి పొడిచాడు పొట్టోడు.

అందరూ వెళ్లాక వాణ్ని మెట్ల దగ్గర పట్టుకున్నాను. ఎప్పుడూ ఎడమనుంచే ఎందుకొస్తావురా అని నిలదీశాను. నవ్వుతాడనుకున్నాను. నవ్వలేదు. అటు నీకు వినపడదు కాబట్టి గురూ అన్నాడు.

ఎన్నాళ్లనుంచి తెలుసు అన్నాను. నిరుడు బ్యాంకు లిఫ్ట్ పని అప్పటినుంచి అన్నాడు. ఆగు ఆగు అని రెండుసార్లు అరిచాడట, నేను ఆపలేదట, వాడే తల వంచుకున్నాడట. అప్పట్లో వాడు నా ఎడమ పక్క నిలబడేవాడు. ఆ మర్నాటినుంచి కుడి పక్కకి మారాడు. నేను గమనించనే లేదు. పట్టాలు ఎటున్నా సరే, చెయ్యి చాచలేక వంకర్లు పోతూ కూడా కుడి పక్కే నిలబడ్డాడు. ఏడాదిగా. ఈ పొడుగు వెధవ.

మరి ఆటలో ఎందుకురా అంటే, ఆటలోనైనా నీకు తెలియాలిగా, నోటితో చెప్పే ధైర్యం నాకెక్కడిది, నువ్వు చెవుల గురించి కోటలు దాటేలా చెప్పుకుంటావు, నేనెలా చెప్పను అన్నాడు. నువ్వే కనిపెట్టి నువ్వే మేడమ్‌కి చెప్తావనుకున్నా గురూ అన్నాడు.

నాకు ఒళ్లు మండిపోయింది. జాలిపడి బతికిస్తున్నావన్నమాట అన్నాను. ఏడాదిపాటు నీ తలకాయని పణంగా పెట్టి నన్ను మహారాజుని చేశావా అన్నాను.  వాడు మెల్లగా అన్నాడు, రేపు నీతో వచ్చేవాడికి ఎటు నిలబడాలో తెలియదు గురూ.

మేడమ్‌కి చెప్తే ఏమవుతుందో తెలుసు. లిఫ్ట్ తిరిగే షాఫ్ట్‌లో దిగనివ్వరు. వర్క్‌షాప్‌లో ట్యూబ్‌లైట్ కింద కూర్చోబెట్టి సర్క్యూట్ బోర్డులు ఇస్తారు. టంకం పెట్టుకుంటూ రిటైరవ్వాలి. నాకు ఏడుపొస్తోంది. నిజంగానే వస్తోంది.

మార్చి 17, సోమవారం. సాయంత్రం 4:30

కూర్చోలేక నిలబడే రాస్తున్నాను.

కొత్త జోడీ వచ్చాడు. వేరే బ్రాంచి నుంచి, ముప్పై ఆరేళ్లుంటాయి. మాట్లాడితే దోమ పాడినట్టుంటుంది. పొద్దున్నే మావాళ్లు మెత్తనాయన అని పేరు పెట్టేశారు. పొట్టోడు కాగితాల పని మీద ఆఫీసులో ఉండిపోయాడు. మేమిద్దరమే కారు నెత్తినెక్కాం.

నా ఎడమ పక్క నిలబడ్డాడు. పట్టాలు అటే ఉన్నాయి మరి. ఇటు రావయ్యా అనాలి. నోటిదాకా వచ్చింది. ఎందుకు అని అడుగుతాడు. అడిగితే ఏం చెప్పను? నోరు మూసుకున్నాను.

మూడో అంతస్తు దగ్గర పైకి అన్నట్టు చెయ్యి ఊపాడు. నొక్కాను. నేను తీగల వంక చూస్తున్నాను. కారు మూరెడు ఎక్కిందో లేదో నా చొక్కా ఎవరో లాగారు. ఆపాను. పట్టాని గోడకి బిగించే ఇనుప కమ్మీకీ కారు అంచుకీ మధ్య అతని గ్లౌజు ఇరుక్కుపోయి ఉంది. చెయ్యి అందులో లేదు. ఎప్పుడు లాగేసుకున్నాడో ఏమో. ఉత్త గ్లౌజు, అయిదు వేళ్లతో, నలిగిపోయి.

అతను చేతిని అటూ ఇటూ తిప్పి చూసుకున్నాడు. మూడుసార్లు ఆగమన్నానన్నా అన్నాడు. నేను గ్లౌజు ఊడదీయబోయాను. అప్పుడు అతనే అన్నాడు, నాదే తప్పులెండి, నా గొంతు చిన్నది, ఇంట్లో కూడా అందరూ అదే అంటారు.

అవును, కాస్త గట్టిగా చెప్పాలయ్యా అన్నాను నేను.

అలా అన్నాను. ఈ నోటితోనే అన్నాను.

మార్చి 18, మంగళవారం

బటన్ పెట్టె మెత్తనాయన చేతికిచ్చాను. బొటనవేలు బెణికింది, నొక్కలేను అన్నాను. ఇప్పుడు పోతే నా చెయ్యే పోతుంది. ఆటకి వెళ్లలేదు.

మార్చి 19, బుధవారం. ఉదయం 11:00, ఆసుపత్రి లిఫ్ట్ పని దగ్గర, మెట్ల మీద

ఇరవై ఆరున అందరికీ సాలీనా మెడికల్ టెస్ట్. పొద్దున నోటీసు పెట్టారు.

ఇది ఎక్కడా రాయలేదు, రాస్తాను. నిరుడు పాసైంది వినపడి కాదు. అద్దాల గదిలో కూర్చోబెట్టి, చెవులకి హెడ్‌ఫోన్లు పెట్టి, కూత వినిపించినప్పుడల్లా బటన్ నొక్కమంటారు. అద్దానికి అవతల మెషీన్ దగ్గర కూర్చున్నామె భుజం, కూత పంపినప్పుడల్లా కాస్త కదులుతుంది. ఎడమ చెవి వంతు వచ్చినప్పుడు ఏమీ వినపడక, గులిమే అనుకుని, ఆ భుజం చూసి నొక్కాను. గన్ గేమ్ ఆడే చెయ్యి, ఆలస్యమెందుకవుతుంది. మీ వయసుకి చెవులు భలే ఉన్నాయండీ అని మెచ్చుకుంది.

ఈసారీ చేయొచ్చు. మా ఆవిడకి కూడా తెలియదు. మెత్తనాయన మాత్రం వాళ్లింట్లో గట్టిగా అరవడం ప్రాక్టీస్ చేస్తున్నాడట. నిన్న చెప్పాడు. పిల్లలు నవ్వుతున్నారట.

మార్చి 21, శుక్రవారం. రాత్రి 9:15

పొట్టోడి ఆఖరి ఆట. నాకు కత్తి వచ్చింది. వాడికీ వచ్చింది. వాడు ఎటునుంచి వస్తాడా అని బొంగరంలా తిరుగుతున్నాను. నేరుగా ముందునుంచి వచ్చాడు. నడుచుకుంటూ వచ్చి నిలబడ్డాడు. పొడిచాను. గెలిచాను. మిగతా అయిదుగురూ చప్పట్లు కొట్టారు. జీవితంలో మొదటిసారి గెలవడం, హెడ్‌సెట్ తీసి బల్ల మీద పెట్టేశాను.

గేటు దగ్గర కుడి పక్కకి వచ్చి, వెళ్లొస్తా గురూ అన్నాడు. నేను వాడి వీపు మీద ఒక్కటిచ్చాను. గట్టిగానే ఇచ్చాను.

ఇంటికొచ్చి మా ఆవిడకి చెప్పాను, మొత్తం. గ్లౌజు సంగతితో సహా. ఈసారి సామెత చెప్పలేదు. కుర్చీ ఎత్తుకుని కుడి పక్కకి తెచ్చుకుంది. 

మార్చి 24, సోమవారం

మేడమ్ గది తలుపు దాకా రెండుసార్లు వెళ్లాను. మెత్తనాయన ఈరోజు కూడా పదివేళ్లతో ఇంటికెళ్లాడు. బెణికిన వేలు సాకు రేపు కూడా చెల్లుతుందా?

మార్చి 26, బుధవారం

అదే గది, అదే అద్దం, అవతల ఆమే. చెవులకి పెట్టింది, బటన్ చేతికిచ్చింది. కళ్లు మూసుకున్నాను.

కుడి చెవిలో కూతలు వచ్చాయి. వచ్చినప్పుడల్లా నొక్కాను. తర్వాత ఆ చెవిలోనే సుయ్‌మని హోరు మొదలైంది. మెషీన్ సర్దుతోంది కాబోలు, ఇక ఎడమ చెవి మొదలుపెడుతుంది అనుకున్నాను. వేలు బటన్ మీదే ఉంచుకుని కూర్చున్నాను. చాలాసేపు కూర్చున్నాను.

ఎవరో భుజం తట్టారు. ఎడమ చెవిది ఇంకా మొదలుపెట్టలేదేమండీ అని అడిగాను.

అయిపోయిందండీ అంది.