ఫుల్‌బ్యాక్ శుభాకర్ తల, తక్కిన ఆస్తులు

మిల్టన్ కీన్స్ నివాసి, నూతలపాటి శుభాకర్ అను నేను, ముప్పై తొమ్మిదేళ్ల వయసున, నా తదనంతరం జరగవలసిన వాటి గురించి నా వారికి తెలియజేయునది ఏమనగా: ఈ రోజున నా బుద్ధి స్థిరంగా ఉన్నది. ఈ మాట నేనొక్కడినే చెబితే చెల్లదని, తలతో మనుషుల్ని గుద్ది జీతం తీసుకున్నవాడికి డాక్టరు కాగితం తోడుండాలని వీలునామా రాసే లాయరు, ఇక్కడి మాటలో సొలిసిటర్, అన్నారు. బర్మింగ్‌హామ్ వెళ్లి తెచ్చుకున్నాను. అక్కడి డాక్టరుగారు వందలోంచి ఏడు చొప్పున తీసేస్తూ పొమ్మన్నారు, తీసేశాను. గడియారం బొమ్మ గీయమన్నారు, గీశాను. దేశానికి ప్రధానమంత్రి ఎవరని అడిగారు. ఉన్నవారు దిగిపోతూ, కొత్తవారు ఇంకా తేలని ఈ నెలలో దానికి గట్టిగా జవాబు చెప్పగలవాళ్లు దేశంలో ఎవరూ లేరన్నాను. ఆయన నవ్వి, ఇతనికి జ్ఞాపకశక్తి తగ్గుతోంది గాని, తన ఆస్తి ఏదో, తనవాళ్లెవరో, ఎవరికేమివ్వాలో తెలుసునని రాసిచ్చారు.

చట్టం ముందు నిలబడే వీలునామా ఇంగ్లీషులో ఉంది. అందులో సొలిసిటర్ నా సొంత మాటలన్నీ కొట్టేసి ఆస్తుల్ని మాత్రం మిగిల్చారు. ఈ తెలుగు ప్రతి మా అమ్మ దేవమణి చదవడానికి. అమ్మ నాకు తెలుగు నేర్పింది బైబిలు ముందు పెట్టుకుని. అందుచేత నా భాష అక్కడక్కడ మోషే మాట్లాడినట్టు ఉంటే ఆ బాధ్యత ఆవిడదే.

1. నేనుంటున్న ఇల్లు, అందులోని సామానుతో సహా, నా భార్య షైనీకి సర్వహక్కులతో చెందవలెను. కారు కూడా ఆమెదే. డాక్టరు నా లైసెన్సు తీసుకున్నప్పటి నుంచి, వృద్ధుల కేర్‌హోమ్‌లో తన షిఫ్టు అయ్యాక నన్ను ఎక్కించుకుని ఊరంతా తిప్పుతోంది. ఏ రౌండ్‌అబౌట్ చూసినా ఒకేలా ఉండే ఈ ఊళ్లో, దారి మరిచిపోవడం జబ్బో, ఊరి లక్షణమో తేల్చుకోలేక మేమిద్దరం చాలాకాలం డాక్టరు దగ్గరికి వెళ్లలేదు. నా వాలుకుర్చీని మాత్రం నేను పోయిన వారంలోపే పారేయాలని ఆమె ఎప్పటినుంచో అనుకుంటోంది. అనుమతిస్తున్నాను.

2. ఈ వీలునామాను అమలు జరిపే బాధ్యత మా అన్నయ్య మాథ్యూకు అప్పగిస్తున్నాను. బ్రాక్‌నెల్‌లో కంప్యూటర్ కంపెనీ మేనేజరు, చర్చి సంఘంలో పెద్ద. నేను ఆడిన ఒక్క మ్యాచికీ రాలేదు, ఆదివారం అని. మ్యాచి శనివారం అయినప్పుడు, మర్నాడు ఆదివారం అని. అయినా సంతకం పెట్టిన కాగితాన్ని అన్నయ్య ధిక్కరించడు. తనకు నచ్చని పనిని ఇంకా శ్రద్ధగా చేస్తాడు. కింద అయిదో నిబంధనలోని పనికి ఆ శ్రద్ధ అవసరం.

3. నా హెల్మెట్‌ను నేను ఆడిన క్లబ్బుకు ఇద్దామనుకున్నాను గాని, క్లబ్బు లేదు. 2008లో కొందరు ఆసాములు అమెరికన్ ఫుట్‌బాల్‌ని ఈ దేశంలో జీతాల ఆటగా నడపాలని లీగ్ ఒకటి మొదలుపెట్టారు. యూనివర్సిటీ రోజుల నుంచి సరదాకి ఆడుతున్న నేను, బర్మింగ్‌హామ్‌లో బ్యాంకు ఉద్యోగం వదిలేసి అందులో చేరాను. ఇంట్లో ఏడ్చారు. ఆ శరదృతువులోనే బ్యాంకులు కూలిపోయాయి. దాంతో కొన్నాళ్లపాటు మా బంధువుల్లో నేనొక్కడినే ముందుచూపు ఉన్నవాణ్ని.

నా స్థానం ఫుల్‌బ్యాక్. చేయవలసిన పని ఏమనగా, బంతి పట్టుకున్నవాడికి ముందు పరిగెత్తి, అడ్డం వచ్చినవాణ్ని గుద్ది పడేయడం. వెనకవాడు ఆ సందులోంచి వెళ్లిపోతాడు. జనం వాణ్ని చూస్తారు. అమ్మకి ఇది అర్థమయ్యేలా చెప్పడానికి చాలా తంటాలు పడ్డాను.

"బంతి నీకివ్వరా?" అంది.

"ఇవ్వరమ్మా."

"మరి నువ్వు బాగా ఆడావని ఎట్లా తెలుస్తదిరా?"

"వెనకోడు పడకపోతే."

"మా నర్సు ఉద్యోగం లాగానే ఉందే" అంది అమ్మ. అయినా ఆ మరుసటి శుక్రవారం ప్రార్థన కూటంలో మా అబ్బాయికి నెమ్మదైన ఉద్యోగం దొరకాలని విజ్ఞాపన పెట్టింది. 2013లో లీగ్ మూతపడింది. ఆ తరవాత నేను గోడౌన్‌లో షిఫ్టు సూపర్‌వైజరుగా చేరాను. ప్రార్థన ఫలించిందని అమ్మ సాక్ష్యం చెప్పింది.

హెల్మెట్ ఎవరికీ ఇవ్వడం లేదు. పారేయవలెను.

4. నా వెనక పరిగెత్తినవాడి పేరు డారెన్ విట్లాక్. లీగ్‌లో అందరికన్నా ఎక్కువ దూరం పరిగెత్తిన ఘనత అతనిది. నేను ఎంత దూరం పరిగెత్తానో ఎవరూ కొలవలేదు గాని, అతనికన్నా ఒక అడుగు ముందే ఉండి ఉంటాను. లీగ్ విందులో ఉత్తమ ఆటగాడి బహుమతి తీసుకున్నప్పుడు వాళ్లమ్మకి, కోచ్‌కి, మసాజ్ చేసేవాడికి, తన కుక్కకి కృతజ్ఞతలు చెప్పాడు. నేను అదే బల్ల దగ్గర కూర్చుని కోడిమాంసం తింటున్నాను. తరవాత అతను టీవీలో పరుపుల ప్రకటనలో పడుకుని కనిపించేవాడు. నేను చానెల్ మార్చేవాణ్ని.

2011 ఫైనల్ మా ఊళ్లోనే జరిగింది. మూడో భాగంలో నేను ఒకణ్ని గుద్ది, లేవలేదట. మా జట్టు వైద్యుడు వచ్చి, "ఇప్పుడెక్కడున్నావ్?" అని అడిగాడు. "మిల్టన్ కీన్స్" అన్నానట. అది నిజమే. నా ఇల్లు అక్కడికి దగ్గర, ఆ జవాబు నిద్రలో కూడా చెప్పగలను. తెలివిలోనే ఉన్నాడని మళ్లీ లోపలికి పంపారు. చివరి ఎత్తులో ఇద్దరిని ఒకేసారి పడగొట్టి డారెన్‌కి దారి ఇచ్చింది నేనేనట. గెలిచాం. అందరూ ఎగురుతుంటే నేను షైనీని పిలిచి, మ్యాచ్ ఎప్పుడు మొదలవుతుందని అడిగానట. నా జీవితంలో అన్నిటికన్నా గొప్ప రోజును నేను వీడియోలోనే చూశాను. మా అమ్మాయి ఏంజెలినా నాతో కూర్చుని చూసి, "డాడ్, విచ్ వన్ ఈజ్ యూ?" అంది. కింద పడి ఉన్నవాణ్ని చూడమ్మా అన్నాను.

ఈ ఏప్రిల్‌లో డారెన్ మా ఇంటికి వచ్చాడు, నాకు ఒంట్లో బాగా లేదని విని. పూలు తెచ్చాడు. సోఫా బాగుంది, ఎప్పుడు కొన్నావన్నాడు. చెప్పాను. టీ తాగుతూ, సోఫా ఎప్పుడు కొన్నావన్నాడు. నాకు మతిమరుపు గనుక, అతను ఇందాక అడిగాడా లేదా అని మొదట నన్ను నేనే అనుమానించుకున్నాను. షైనీ మొహం చూశాక తెలిసింది. వెళ్లేటప్పుడు మళ్లీ సోఫా సంగతే అడిగాడు. బయట తన కారు ఎదురుగానే ఉన్నా, వీధి చివరికంటా చూస్తూ నిలబడ్డాడు. షైనీ మెల్లగా అతని చేతిలోంచి తాళాలు తీసుకుని, "నేను దింపుతాను పద" అంది. నార్తాంప్టన్‌లో అతని ఇంటిదాకా దింపి వచ్చింది.

ఇన్నేళ్లూ దెబ్బలన్నీ నేనే తిన్నానని, అతను ఊరికే పేరు కొట్టేశాడని కోపంగా ఉండేవాణ్ని. అతనికీ తగిలాయి. నేను సరిగ్గా అడ్డుకోలేకపోయానో, అడ్డుకున్నా అంతేనో తెలియదు. విందు నాటి నా పగను ఇందుమూలముగా రద్దు చేస్తున్నాను. నా గెలుపు వీడియో డారెన్‌కు చెందవలెను. అందులో అతను చాలా బాగుంటాడు. దానితోపాటు బర్మింగ్‌హామ్ డాక్టరుగారి దగ్గరికి అన్నయ్య అతన్ని స్వయంగా తీసుకెళ్లవలెను. నేను చెబితే డారెన్ వినలేదు. నాకే మతిలేదన్నాడు.

5. నా మెదడును, బర్మింగ్‌హామ్‌లో ఆటగాళ్ల తలదెబ్బల మీద పరిశోధన చేస్తున్నవారికి ఇవ్వవలెను. నేను పోగానే ఆలస్యం చేయకుండా అన్నయ్య వారికి ఫోన్ చేయవలెను. జబ్బు ఇదీ అని బతికున్నవాడి తలలో తేల్చడం ఇంకా చేతకావడం లేదట. తీసి చూస్తేనే తెలుస్తుందట. నాలాంటివాళ్లవి నాలుగు చూస్తే డారెన్‌లాంటివాళ్లకు ముందుగా చెప్పగలుగుతారేమో.

దీనికి ఇంట్లో పెద్ద గొడవ అయింది. "పునరుత్థాన దినాన ఖాళీ తలతో లేస్తావా తమ్ముడూ?" అన్నాడు అన్నయ్య. మట్టిలో కలిసిన ఒళ్లును లేపగలిగిన దేవుడికి, బర్మింగ్‌హామ్‌లో ఫ్రిజ్ తెరవడం కష్టం కాదన్నాను. అన్నయ్యకు నవ్వు రాలేదు. "నీ తల సరిగ్గా లేదు కాబట్టే ఈ మాటంటున్నావు. ఇది కోర్టులో నిలవదు, నేను నిలవనివ్వను" అన్నాడు. అమ్మ అన్నయ్య పక్కనే కూర్చుంది. నేను భయపడింది దానికే.

6. గెలిచినందుకు ఇచ్చిన ఉంగరం నా కుమార్తె ఏంజెలినాకు చెందవలెను. ఆమెకు రెండు వేళ్లకు కలిపి సరిపోతుంది. వయొలిన్ నేర్చుకుంటోంది. అందులో తలతో పని గడ్డం ఆనించడం వరకే గనుక నాకు నిశ్చింతగా ఉంది. ఒకే ప్రశ్న ఎన్నిసార్లు అడిగినా మొదటిసారి అడిగినట్టే జవాబు చెబుతుంది. నాకు తెలియదనుకుంటుంది గాని, అది నేను గమనిస్తూనే ఉన్నాను.

7. పక్కింటి సాంబశివరావు అంకుల్ ఈ కాగితం మీద సాక్షి సంతకం పెడుతున్నారు. సాక్షికి ఏమీ రాసివ్వకూడదని చట్టం. కాబట్టి పోయిన వేసవిలో ఆయన తీసుకెళ్లిన నా నిచ్చెన ఆయనకు ఇవ్వలేకపోతున్నాను. తిరిగి ఇచ్చేయవలెను.

8. ఈ నిబంధనలో, తోట వైపు కింది గది మా అమ్మకు జీవితాంతం ఉండాలని రాశాను. నిన్న చదవమని ఇచ్చాను. అమ్మ కళ్లజోడు పెట్టుకుని మొదటి నుంచీ చదివింది. మోషే దగ్గర కొంచెం నవ్వింది. అయిదో నిబంధన దగ్గర ఆగిపోయింది. తరవాత ఏడు చదివి, "సాక్షికి ఏమీ రాకూడదా?" అంది.

"రాకూడదమ్మా."

"అయితే నా గది కొట్టెయ్. షైనీ నన్ను బయటికి గెంటదులే."

ఎందుకన్నాను.

"ఇన్నేళ్లు వార్డులో పనిచేశా. మనిషి తెలివిలో ఉన్నాడో లేడో చూసి రాయడమే నా ఉద్యోగం. మాథ్యూ కోర్టుకు పోతే నా సంతకం అబద్ధమని చెప్పి పోవాల. చెప్తాడేమో చూస్తా."

పెన్ను మూత తీసి, గది ఉన్న వాక్యం తనే కొట్టేసింది. ఇంగ్లీషు ప్రతిలోనూ సొలిసిటర్ దాన్ని తీసేసి, సాక్షిగా అమ్మ పేరు చేర్చారు. నేను టీ పెడతానన్నాను. వంటింట్లోకి వెళ్లి, ఎందుకొచ్చానో గుర్తురాక నిలబడితే, అమ్మ హాల్లోంచే "టీ" అంది. కప్పు అందుకుని, "ఆ మెదడు తీసే డాక్టరు ఎవరో కనుక్కోరా. చెయ్యి మెత్తనివాడేనా అని అడుగు" అంది.

కాబట్టి ఈ నిబంధన కింద ఎవరికీ ఏమీ లేదు.

పైన రాసినదంతా చదివి, నాకు నేనుగా, ఎవరూ వెనక నుంచి నెట్టకుండా, ఇద్దరు సాక్షుల కళ్లెదుట సంతకం చేశాను. మిల్టన్ కీన్స్, 2019 జూలై 11, గురువారం.

(సం.) నూతలపాటి శుభాకర్

సాక్షులు:

1. (సం.) సాంబశివరావు, పక్కిల్లు. నిచ్చెన శనివారం ఇచ్చేస్తాను.

2. (సం.) నూతలపాటి దేవమణి, రిటైర్డ్ నర్సు. తల్లి. ఆస్తిలో భాగం లేదు.